డబ్బీ గుర్తు

మధ్యాహ్నం ఒంటిగంట అయిందని తెలుసుకోవడానికి ఉదయశ్రీకి గడియారం అక్కర్లేదు. పొద్దున్నుంచి తాను పంపిన మెసేజీల పక్కన బూడిదరంగులో పడి ఉన్న టిక్కులు వరసగా దీపాలు ముట్టించినట్టు నీలంగా మారిపోతే ఒంటిగంట అయినట్టే.

బేతంచెర్లలో ఓబులేష్ పనిచేసే బండల ఫ్యాక్టరీ గేటు దగ్గర ఒక ఇనుప పెట్టె ఉంది. ఎనిమిదింటికి లోపలికి పోయేవాళ్ళు ఫోన్లు అందులో వేసి పోవాలి. ఒంటిగంటకు అన్నానికి వదిలినప్పుడు తీసుకుని, రెండింటికి మళ్ళీ వేసేయాలి. ఆ పెట్టెలో చీకట్లో, ముప్పై ఫోన్ల మధ్య, తన మెసేజీలన్నీ ఒకదాని వెనక ఒకటి వచ్చి కూర్చుని అతని కోసం ఎదురుచూస్తున్నట్టు ఊహించుకుంటే ఉదయశ్రీకి నవ్వొచ్చేది. రాజంపేట బస్టాండు ఎదురుగా ఉన్న నాన్న పూల అంగడిలో కూర్చుని ఆమె ఏది కనబడితే అది పంపేది. అంగట్లోకి తల దూర్చిన దూడ. చక్రం అంత చుట్ట చుట్టిన కనకాంబరాల దండ. కొత్త మెట్టెలు వదులై జారిపోతున్న తన కాలివేళ్ళు. ఒంటిగంటకు అతను అన్నీ వరసగా చూసి, ఒక్కవేలితో పొడిచి పొడిచి జవాబు రాసేవాడు. "సంగటి తిన్న. నువ్వు?" దాని చివర ఎర్రపువ్వు బొమ్మ ఒకటి. అంతే. ఆ ఒక్క పువ్వుతో ఆమెకు సాయంత్రం దాకా గడిచిపోయేది.

పెళ్ళయి నలభై రోజులు కాపురం చేశారో లేదో ఆషాఢం వచ్చి పడింది. కొత్తకోడలూ అత్తా ఆ నెలంతా ఒకే గడప దాటకూడదు. అల్లుడు అత్తగారింటి గడప తొక్కకూడదు. ఇదంతా అందరికీ తెలిసిందే. తెలియనిదల్లా ఫోన్ సంగతి. దాని మీద ఉదయశ్రీ తల్లి రాజ్యలక్ష్మమ్మా, అత్త భీమమ్మా ఒక పూటంతా ఫోన్‌లోనే మాట్లాడుకుని తీర్పు చెప్పారు. మాట్లాడుకోవచ్చు. రాసుకోవచ్చు. మొగం మాత్రం చూసుకోకూడదు.

"మాట అంటే గాలి వదినా. వస్తాది, పోతాది. మొగం కనపడిందంటే మనిషి వచ్చినట్లే గదా" అంది భీమమ్మ. రాజ్యలక్ష్మమ్మ సరేనంది.

ఆ మాట విని ఉదయశ్రీకి అత్త మీద కాస్త కోపం వచ్చింది. ఎందుకంటే భీమమ్మకు ఆ ఫోన్ వాడటం నేర్పింది తానే. పుట్టింటికి బయలుదేరే ముందురోజు ఓబులేష్ పాత ఫోన్ తుడిచి, కొత్త సిమ్ము వేసి, అక్షరాలు రాని అత్తకు బొమ్మలతో నేర్పించింది. "ఇది నా ఫోటో అత్తా. దీని మీద నొక్కు. ఈ పచ్చ గుర్తు నొక్కితే మాట. దాని పక్కన ఈ డబ్బీ గుర్తు ఉంది చూడు, అది నొక్కితే మొగం." భీమమ్మ కొంగుతో వేలు తుడుచుకుని, గుర్తులను తాకకుండా వాటి మీద వేలు ఆడించింది. "పచ్చది మాట. డబ్బీ మొగం" అని నాలుగుసార్లు అప్పజెప్పింది. అయినా అప్పటినుంచీ ఎప్పుడు మోగినా ఫోన్‌ను గట్టిగా చెవికి అదుముకుని, పక్క వీధికి వినబడేట్టు కేకలు పెట్టేది. "వినపడతాండాదా పాపా?"

*

మంగళవారం ఒంటిగంటకు టిక్కులు నీలం కాలేదు.

పదకొండు దాటాక పంపిన ఫోటో కూడా అలాగే ఉంది. ఆ రోజు పూలు కడుతూ ఆమె తన చేతినే ఫోటో తీసింది. చూపుడువేలికి చుట్టుకున్న అరటినార, గోళ్ళ సందుల్లో కనకాంబరం రంగు. నీటిలో నానబెట్టిన నారతో ఇటు రెండు పూలు, అటు రెండు పూలు పెట్టి ముడి బిగించడం ఆమెకు ఏడో ఏటి నుంచీ అలవాటే. చేతులు వాటంతట అవే పోతాయి. కళ్ళు మాత్రం ఫోన్ మీద ఉన్నాయి. రెండయింది. మూడయింది. ఆషాఢం కాబట్టి పెళ్ళి దండలు లేవు, జడలు లేవు. మూర పూలు కొనుక్కునే ఆడవాళ్ళు ఒకరిద్దరు వచ్చిపోయారు. కట్టిన దండ బుట్టలో పొర మీద పొరగా పేరుకుంటోంది.

"ఆ ఫోన్‌లో ఏమన్నా గుడ్డు పెడతాదేమో, అంత పొదుగుతాండావు" అంది రాజ్యలక్ష్మమ్మ. ఉదయశ్రీ నవ్వలేదు.

సాయంత్రం ఆరుమ్ముప్పావుకు టిక్కులన్నీ ఒక్కసారిగా నీలమయ్యాయి. వెంటనే ఒక కొత్త వింత జరిగింది. రాత రాలేదు. గొంతు వచ్చింది. పద్దెనిమిది సెకన్ల వాయిస్ మెసేజి.

"ఉదయా, ఈ పొద్దు లోడింగ్ ఎక్కువుండె. అందుకే చూడలే. నీ చేతులు ఎప్పుడూ పూలల్లో ఉంటాయి గదా, చదివేకి కష్టం. ఇంగ మీద నోటితోనే పంపిస్తా. నీవు పని చేసుకుంటానే వినొచ్చు."

ఉదయశ్రీ ఫోన్ పట్టుకుని వెనకింట్లోకి పరుగెత్తి, నీళ్ళ గాబు దగ్గర నిలబడి దాన్ని ఆరుసార్లు విన్నది. రాత కంటే ఇది ఎంత బాగుంది. రాతలో ఊపిరి ఉండదు. ఇందులో 'ఉదయా' అనే ముందు అతను గుటక వేసిన చప్పుడు కూడా ఉంది. రాత్రి అన్నం తింటూ ఒకసారి, గిన్నెలు కడిగాక ఇంకోసారి విన్నది. ఎర్రపువ్వు బొమ్మ లేదే అని ఒక్కక్షణం అనిపించింది కానీ, గొంతు వచ్చాక పువ్వెందుకులే అనుకుంది.

బుధవారం మూడు వచ్చాయి. గురువారం పొద్దున పదింటికే ఒకటి వచ్చింది. పదింటికా? ఆమె నార ముడి సగంలో వదిలేసింది. పెట్టెలో ఉండాల్సిన ఫోన్ అతని చేతికి ఎలా వచ్చింది? అడిగితే, కరెంటు లేదు, మిషన్లు ఆపేశారని జవాబు చెప్పాడు. నిజమేనేమో. మిషన్ల రొద లేదు. ఫ్యాను గిర్రుమంటున్న చప్పుడు ఉంది, దాని వెనక ఎక్కడో కోడి అరుస్తోంది. ఆ కోడి ఆమెకు తెలుసు. ఎదురింటి హనుమంతమ్మ కోడి. వేళాపాళా లేకుండా కూసే ఆ పుంజును చూసి తానూ ఓబులేష్ పడీ పడీ నవ్వుకున్నారు. దాని అరుపు వినబడగానే ఆమెకు ప్రాణం లేచొచ్చింది. ఆ సంతోషంలో, కరెంటు లేకపోతే ఫ్యాను ఎలా తిరుగుతోందన్న ఆలోచన ఆమెకు రాలేదు.

ఆ ఆలోచన సాయంత్రానికి వచ్చింది. పూలకు నీళ్ళు చల్లుతూ ఉండగా చెయ్యి అలాగే ఆగిపోయింది.

ఆమె అతన్ని ఒక ఫోటో పంపమని అడిగింది. మొగం చూడకూడదంటే ఫోటో అయినా పంపమని వేళాకోళంగానే అంది. చాలాసేపటికి ఫోటో వచ్చింది. మిషన్ పక్కన నిలబెట్టిన బండల ముందు ఓబులేష్ నవ్వుతున్నాడు. ఒంటి మీద నీలం గళ్ళ చొక్కా.

ఉదయశ్రీ లేచి లోపలికి పోయి తన పెట్టె తెరిచింది. నీలం గళ్ళ చొక్కా అడుగున, చీరల కింద, తాను మడిచి పెట్టుకున్నట్టే ఉంది. వచ్చేరోజు ఎవరికీ చెప్పకుండా తెచ్చుకున్న చొక్కా అది. రాతిపొడి వాసన పోకూడదని ఉతకలేదు కూడా.

అది పాత ఫోటో. ఇప్పటి ఫోటో ఎందుకు పంపలేదు?

ఆమె వాకిట్లోకి వచ్చి, తల్లి గుడికి పోయిందని రూఢి చేసుకుని, డబ్బీ గుర్తు నొక్కింది. ఫోన్ మూడుసార్లు మోగింది. కట్ అయింది. వెంటనే గొంతు వచ్చింది. "అమ్మ ఈడనే ఉండాది. చూస్తే అరుస్తాది. వద్దులే ఉదయా. ఇంగ పదకొండు రోజులే గదా." ఆ గొంతులో నవ్వు ఉంది. నవ్వు మాటలకు ముందే అయిపోయింది.

మొదటి పద్దెనిమిది సెకన్లలో ఊపిరి ఉందని అంత మురిసిపోయింది గదా. ఇప్పుడు ఆ ఊపిరే ఆమెను కుదురుగా ఉండనివ్వలేదు. బస్సులు వచ్చి పోతున్నాయి. కడప, తిరుపతి, రాయచోటి అని కండక్టర్లు అరుస్తున్నారు. ఇంతమంది ఎక్కడెక్కడికో పోతున్నారు, తాను మాత్రం పూలబుట్ట ముందు ఒక గొంతును గుప్పిట్లో పెట్టుకుని కూర్చుంది. ఆ గొంతు ఇక్కడే ఉంది, మనిషి లేడు. ఏడెనిమిది గంటల దూరం ఉన్నట్టు ఆమెకు మొదటిసారి తెలిసింది. తనంటే విసుగొచ్చిందా అతనికి? నలభై రోజులకేనా?

*

శుక్రవారం మధ్యాహ్నం ఒంటిగంటకు ఫోన్ మోగింది. భీమమ్మ ఫోటో వచ్చింది. నొక్కగానే తెర నిండా ఒక చెవి కనబడింది.

పెద్ద చెవి. సాగిన తమ్మెకు ఎర్రరాయి కమ్మ. కమ్మ పైన నెరిసిన వెంట్రుకల చివర్లు. వీడియో కాల్ అది. అత్త పొరపాటున డబ్బీ నొక్కి, మామూలుగానే చెవికి అదుముకుని ఉన్నట్టుంది. ఉదయశ్రీకి ముందు నవ్వు పొంగింది.

"వినపడతాండాదా పాపా?"

"వినబడుతోంది అత్తా" అంది. డబ్బీ నొక్కావని చెప్పబోయి ఆగిపోయింది. చెబితే పెట్టేస్తుంది. చెప్పకపోతే, ఎప్పుడైనా చెవి పక్కకు తొలిగితే, ఆ ఇంటి గోడ అయినా కనబడుతుంది కదా. తాను సున్నం వేసిన గోడ.

భీమమ్మ ఏవేవో చెప్పింది. కొళాయి నీళ్ళు రెండురోజులకొకసారి వస్తున్నాయట. హనుమంతమ్మ కోడలికి నెలలు నిండాయట. చెవి ఆ మాటలన్నిటికీ కదులుతూ ఉంది. తర్వాత "ఉండు పాపా, పప్పు పొంగుతాండాది" అంది. చెవి దూరం జరిగింది. పైకప్పు తిరిగింది. ఫోన్ ఏదో గట్టుమీద నిలబడింది. పక్కన ఉప్పుజాడీ అంచు కనబడుతోంది. అది వంటింటి గూడు అని ఉదయశ్రీకి తెలుసు. గూట్లోంచి చూస్తే నడవంతా కనబడుతుంది.

నడవలో ఓబులేష్ మంచం మీద కూర్చుని సంగటి తింటున్నాడు.

ఎడమచేతిలో స్పూను. ముద్దను ఆ స్పూనుతో గుచ్చి తెంపాలని చూస్తున్నాడు. అది తెగక పళ్ళెంలో పక్కకు జారుతోంది. మళ్ళీ గుచ్చాడు. సగం ముద్ద నోటిదాకా వచ్చి లుంగీ మీద పడింది. కుడిచెయ్యి ఛాతీకి ఆనించి, మెడలోంచి వేలాడే గుడ్డలో ఉంది. దాని చివర టెంకాయంత తెల్లకట్టు. కట్టు అంచున పసుపు రంగు మరక. అతను పడిన ముద్దను చూశాడు, తీయడానికి స్పూను కింద పెట్టాలి, పెట్టలేదు. అలాగే కాసేపు పళ్ళెం వైపు చూస్తూ ఉండిపోయాడు.

ఉదయశ్రీ తన నోటిని తానే మూసుకుంది. ఆమె వేళ్ళకు చుట్టుకున్న నార చెంపకు తడిగా అంటుకుంది.

తెర మీదికి మళ్ళీ చెవి వచ్చింది. "సరే పాపా, ఇంగ పెడతా" అంది భీమమ్మ గొంతు. కాల్ ముగిసింది.

*

రాజ్యలక్ష్మమ్మ ముందు వద్దనే అంది. ఇంకో పది రోజులు ఓపిక పట్టమంది. అత్తాకోడళ్ళు ఒకే గడప దాటితే కీడంటారు, ఇప్పటికే ఒక కీడు జరిగింది కదా, ఇంకొకటి తెచ్చుకుంటావా అంది. అన్నీ నిజంగా భయపడే అంది.

"పది రోజులు ఎడమచేత్తో తింటాడా అమ్మా?" అంది ఉదయశ్రీ.

రాజ్యలక్ష్మమ్మ చేతిలో ఉన్న మరువం రెమ్మలను చాలాసేపు తుంచుతూ ఉంది. తర్వాత లేచిపోయి, దారిలో తినడానికని చిత్రాన్నం కలిపింది. శనివారం తెల్లవారి మొదటి బస్సుకు నాన్న నాగసుబ్బయ్య ఆమెను ఎక్కించాడు. మాటలు తక్కువ మనిషి. తడిగుడ్డలో చుట్టిన కనకాంబరాల పొట్లం కిటికీలోంచి అందించి, "మీ అత్తకు" అన్నాడు.

కడపలో దిగి నంద్యాల బస్సు ఎక్కింది. దారిపొడవునా అతని గొంతు వస్తూనే ఉంది. తిన్నావా, ఏం చేస్తున్నావు, ఈ పొద్దు పూలు ఎన్ని అమ్మినారు. ఆమె బస్సులో కూర్చున్నానని చెప్పలేదు. నిన్నటి దృశ్యమే కళ్ళ ముందు తిరిగి తిరిగి వస్తోంది. మైదుకూరు దాటాక, ఎండలో వెలవెలబోతున్న చేలను చూస్తూ ఉండగా ఆమెకు ఒక చిన్న సంగతి తట్టింది. తొందరలో గూట్లో పెట్టిన ఫోన్ పడిపోవాలి, లేదా వెల్లకిలా పడుకోవాలి. అది ఉప్పుజాడీకి ఆనుకుని, నడవకు సరిగ్గా ఎదురుగా, అంత నిటారుగా ఎలా నిలబడింది?

నంద్యాలలో ఇంకో బస్సు మారింది. బేతంచెర్ల దగ్గరపడేసరికి రోడ్డు పక్కన బండల దొంతులు మొదలయ్యాయి. రాతిపొడి పడి చెట్ల ఆకులు తెల్లగా ఉన్నాయి. ఆ వాసన కిటికీలోంచి తగలగానే పెట్టెలోని చొక్కా గుర్తొచ్చింది. వీధి మలుపు తిరిగేసరికి ఒంటిగంట.

ఇంటి తలుపు బార్లా తెరిచి ఉంది. ఎదురింట్లో, హనుమంతమ్మ అరుగు మీద, భీమమ్మ వీధికి వీపు పెట్టి కూర్చుని ఉంది. పక్కన చుట్టిన చాప, దిండు, ఒక సంచీ.

"అత్తా" అంది ఉదయశ్రీ.

భీమమ్మ తిరగలేదు. "వస్తావని తెల్సు. ఈ పక్కకు రాబాక. పో, ఇంట్లేకి పో. ఈ నెల అయిపోయేదాకా నేను ఆ గడప తొక్కను. హనుమంతమ్మ ఈడ పండుకోమనింది."

ఉదయశ్రీ పూలపొట్లం అరుగు చివర పెట్టింది.

"నాకు చెప్పినందుకు..."

"నేనేం చెప్పలే" అంది భీమమ్మ వెంటనే. "వాడు నా చెయ్యి నెత్తిన పెట్టుకుని ఒట్టేయించుకున్న్యాడు, నీ కాడ నోరు తెరవగూడదని. నేను నోరు తెరిసినానా? లేదు గదా." కాస్త ఆగింది. "మొగం కూడా చూపియ్యలే. చెవు చూపిస్తి. చెవుకు ఆషాఢం లేదు."

లోపలినుంచి హనుమంతమ్మ పకపకా నవ్వింది. భీమమ్మ వీపు కూడా ఒక్కసారి కదిలింది. అది నవ్వో కాదో ఉదయశ్రీకి తెలియలేదు.

*

ఓబులేష్ ఆమెను చూసి లేవబోయి, కట్టుచెయ్యి మంచంకోడుకు తగిలి, పళ్ళు బిగబట్టి కూర్చుండిపోయాడు. ఏడవాలో నవ్వాలో తెలియని మొగం పెట్టాడు. ఎవరు చెప్పారని అడగలేదు. గూట్లో ఉప్పుజాడీ వైపు ఒకసారి చూసి ఊరుకున్నాడు.

సంగతి కొంచెం కొంచెంగా చెప్పాడు. మంగళవారం పదకొండున్నరకు లారీకి లోడు ఎక్కిస్తుంటే నిలబెట్టిన బండల వరస జారింది. మూడు వేళ్ళు బండ కింద పడి నలిగాయి. చిటికెనవేలు ఒక కణుపు తీసేశారు. మిగతా రెండు నిలబడతాయన్నారు. ఇదంతా అతను ఎవరిదో కథలా చెప్పాడు. అసలు మాట దగ్గరికి వచ్చేసరికి తల వంచుకున్నాడు.

"ఓనరు ఏమంటాండాడో తెల్సా? నేను ఫోన్‌లో పెండ్లాం ఫోటో చూసుకుంటా బండ ఇడిసినానంట. అందరికీ అదే చెప్పిస్తాండాడు. ఆ మాట నీ చెవిన పడితే నువ్వు ఇంగ నాకు ఏం పంపిస్తావు? దూడ పంపిస్తావా, పూలు పంపిస్తావా? అందుకే చెప్పలే."

ఉదయశ్రీ మంచం మీద అతని పక్కన కూర్చుని తన ఫోన్ తీసింది. మంగళవారం దాకా వెనక్కి జరిపింది. నార చుట్టుకున్న తన చెయ్యి ఫోటో. దాని మీద వేలు ఆనించి నొక్కితే ఎప్పుడు చేరిందో, ఎప్పుడు చూశారో వస్తుంది. చేరింది పదకొండు పదికి. చూసింది సాయంత్రం ఆరు నలభై మూడుకు.

"అప్పుడు ఫోన్ యాడుంది?" అంది. ఆ మాట తన అత్తింటి యాసలో వచ్చినందుకు ఆమెకే ఆశ్చర్యమేసింది.

"పెట్టెలో."

"ఆ మాట ఇందులో ఉంది. సోమవారం ఇద్దరం ఫ్యాక్టరీకి పోదాం. నేను చూపిస్తా."

అతను ఆ రెండు అంకెల వైపు చాలాసేపు చూశాడు. ఆ రోజంతా ఆమె ఎంతగా కాచుకుని కూర్చుందో కూడా వాటిలో ఉంది. తన ఫోన్ అందుకుని, ఎడమచేతి బొటనవేలితో మెల్లగా ఆ ఫోటో కింద ఎర్రపువ్వు వెతికి నొక్కాడు. పక్కనే కూర్చున్న ఆమె ఒళ్ళో ఫోన్ టింగుమంది.

ఉదయశ్రీ చేతులు కడుక్కుని వచ్చి, పళ్ళెంలో సంగటి ముద్ద పెట్టి, మధ్యలో గుంట చేసి పప్పు పోసింది. చిన్నగా తెంపి, పప్పులో పొర్లించి, అతని నోటికి అందించింది. అతను తలుపు వైపు చూసి సిగ్గుపడి, తర్వాత నోరు తెరిచాడు. నాలుగు ముద్దలు తిన్నాక కళ్ళు తుడుచుకున్నాడు. కారం ఎక్కువైందన్నాడు.

ఫోన్ మోగింది. ఉదయశ్రీ ఎడమచేత్తో నొక్కేసరికి తెర నిండా చెవి. ఎర్రరాయి కమ్మ. ఈసారి కమ్మ పైన కొప్పులో కొత్తగా కనకాంబరాలు.

తెరిచి ఉన్న తలుపులోంచి, పది అడుగుల వీధికి అవతల, అదే కొప్పు, అదే పువ్వులు, అదే వీపు కనబడుతున్నాయి. హనుమంతమ్మ లోపల పనిలో పడినట్టుంది. అరుగు మీద భీమమ్మ ఒక్కతే ఉంది. ఆమె అరుపు వీధిలోంచీ, ఫోన్‌లోంచీ ఒకేసారి వచ్చింది.

"వినపడతాండాదా పాపా? వాడు తిన్న్యాడా?"

ఉదయశ్రీ ఫోన్‌ను పెదాల దగ్గరికి తెచ్చుకుంది. అరవాల్సిన పని లేదు. ఆ చెవిలోనే చెప్పింది.

"తిన్న్యాడు అత్తా. నువ్వు తిన్న్యావా?"

చెవి తెర మీద అలాగే ఉంది. పెట్టేయకుండా, ఏమీ అనకుండా, ఇంకా ఏమన్నా వినబడుతుందేమో అన్నట్టు ఫోన్‌కు అదుముకునే ఉంది.